అతను భోజనం చేస్తాడు

14వ తేదీ, శుక్రవారం
ఆఫీసు నుంచి వచ్చి, ఇంకా చీర మార్చుకోకుండా

వదిన గొంతులో ఈ ఉత్తరం వింటున్న అన్నయ్యకు, చదువుతున్న వదినకు,

నమస్కారాలు. నేను కులాసాగానే ఉన్నాను. మీరిద్దరూ కూడా అలాగే ఉన్నారనుకుని మొదలుపెడుతున్నాను.

ఈ ఉదయం బస్సులో నా ఎదురు సీటు మనిషి బొటనవేలి పక్కన లేచిన తోలును పళ్ళతో పీకాడు. నాలుగు సెకన్లు పట్టింది. నాలుగు సెకన్లలో ఎనిమిది మాటలు పడతాయి. 'అతను బొటనవేలి పక్కన లేచిన తోలును పళ్ళతో పీకుతాడు' అని మనసులో రాసుకున్నాను. ఏడే వచ్చాయి. ఎనిమిదో మాటగా 'మింగుతాడు' అని చేర్చాను, ఎందుకంటే మింగాడు. అప్పుడతను నన్ను చూసి చెయ్యి జేబులో పెట్టుకున్నాడు. ఎవరి మొహమూ చూడని నేను ఒక మనిషిని అంతలా చూశానని అప్పుడు తెలిసింది. ఈమధ్య నా పని ఇలా తయారైంది. అదే చెప్పాలని ఈ ఉత్తరం.

దానికి ముందు ఇంకొకటి. పోయిన ఆదివారం ఫోనులో, నీ ఉత్తరాలు ఈమధ్య మరీ పొట్టిగా ఉంటున్నాయే, మొదలెట్టేలోపు అయిపోతున్నాయి అన్నావు. పోయిన ఉత్తరం నాలుగు కాగితాలు అన్నయ్యా, రెండు వైపులా. నాకు జ్వరం వచ్చి నాలుగు రోజులు ఆస్పత్రిలో ఉన్న సంగతి అందులో రెండు కాగితాలు పట్టింది. ఇప్పుడు తగ్గిందని నేనంటే, ఏం తగ్గింది అని అడిగావు. వెంటనే వదిన ఫోను తీసుకుని, ఏదో జలుబులెండి, దానికి అన్నీ పెద్దవే అంది. ఫోనులో నాకు మాటలు రావని తెలుసు కదా. రాయడం ఒక్కటే వచ్చు. అది కూడా నీదాకా రావడం లేదు.

వదినా, కోపం తెచ్చుకోకు. ఈ వాక్యం కూడా పైకే చదువు. అన్నయ్యా, ఇవి ఐదు కాగితాలు. చదవడం అయ్యాక చేత్తో లెక్కపెట్టుకో.

ఇక పని సంగతి. చూపు లేనివాళ్ళు సినిమాను వింటారు. పాత్రలు మాట్లాడుతున్నంతసేపూ ఇబ్బంది లేదు. మాటకూ మాటకూ మధ్య తెర మీద ఏం జరుగుతోందో ఎవరో ఒకరు చెప్పాలి. ఆ వాక్యాలు రాయడం నా ఉద్యోగం. ఆఫీసులో దాన్ని ఖాళీలు నింపడం అంటారు. నియమాలు కొన్నే. కనిపించేదే రాయాలి. అనిపించేది రాయకూడదు. సినిమాలో ఎవరో ఒకరు పలికేదాకా మనం ఏ పాత్ర పేరూ చెప్పకూడదు. ఒకరి మాట మీద మన మాట పడకూడదు. ఈ చివరిది నాకు చిన్నప్పటి నుంచీ అలవాటే.

ఈసారి వచ్చింది, మనుషుల్ని చంపి తినేవాడి సినిమా. తొంభై ఆరు నిమిషాలు. అందులో మాటలు పదకొండు నిమిషాలకు మించవు. తక్కినదంతా కత్తి, గిన్నెలు, నమలడం. చంపేవాడు మొదటినుంచీ చివరిదాకా ఒక్క ముక్క మాట్లాడడు. ఎనభై అయిదు నిమిషాల ఖాళీ అన్నమాట. ఆఫీసులో ఒకావిడ తనకు నెల తప్పిందంది. ఇంకొకాయన తన తల్లికి తెలిస్తే గుండె ఆగుతుందన్నాడు. నేను కాదనడం ఎలాగో ఆలోచించుకునేలోపు మేనేజరు ఫైలు నా బల్ల మీద పెట్టి వెళ్ళిపోయారు.

మొదటిసారి రాసినదాని గురించి చెప్పడానికి సిగ్గుగా ఉంది. పన్నెండేళ్ళు కాన్వెంటులో చదివినదానికి 'తొడ' అని రాయడానికి చెయ్యి రాలేదు. పాఠంలో ఆ మాట వస్తే సిస్టరు మాచేత 'కాలి పైభాగం' అని చదివించేది. సినిమా పన్నెండో నిమిషంలో అతను వంటగదిలో బల్ల ముందు కూర్చుంటాడు. పళ్ళెంలో ఉన్నది ఏమిటో కెమెరా దాచదు. నేను సగం కళ్ళు మూసుకుని, వేళ్ళ సందుల్లోంచి చూసి, ఇలా రాశాను: 'అతను భోజనం చేస్తాడు.' ముప్ఫయ్యో నిమిషంలో మళ్ళీ అదే. ఒక పిల్ల చచ్చిపోయేచోట 'ఆమెకు గాయమవుతుంది' అని రాశాను. మేనేజరు చదివి, ఎంత డీసెంటుగా ఉందమ్మా, ఇంటిల్లిపాదీ కూర్చుని వినొచ్చు అన్నారు. ఆయన మెచ్చుకున్నది ఉద్యోగంలో చేరాక అదే మొదటిసారి.

మా దగ్గర ఏది రాసినా, అసలు రికార్డింగుకు ముందు చూపు లేనివాళ్ళు ఒకరు విని చెప్పాలి. మాకు వినిపెట్టేది ఒక పెద్దాయన. టెలిఫోను ఎక్స్ఛేంజిలో ముప్ఫై ఏళ్ళు లైన్లు కలిపి రిటైరయ్యారు. పుట్టుకతోనే చూపు లేదు. అందరూ ఎక్స్ఛేంజి గారు అంటారు. చెప్పులు విప్పి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని, మధ్యలో ఒక్క మాట మాట్లాడకుండా వింటారు. విన్నారు. అయ్యాక హెడ్‌ఫోన్లు తీసి, బాగుంది కానీ అమ్మాయ్, ఆ పక్కింటి ముసలాయన్ని ఎందుకు వదిలేశారు అని అడిగారు. నాకు అర్థం కాలేదు. వాడే కదా హంతకుడు, పద్దాకా వచ్చి తలుపు కొడుతుంటాడు అన్నారు. ఆ వంటచేసుకునే కుర్రాడు పాపం ఒంటరివాడు, వచ్చినవాళ్ళకల్లా మర్యాద చేస్తున్నాడు, ఎనభయ్యో నిమిషంలో పోలీసులొచ్చి వాడికి బేడీలేస్తే నాకు కడుపు మండింది అన్నారు. సౌండు చూసే అతను నవ్వు ఆపుకోలేక కుర్చీలోంచి జారిపోయాడు. నేనూ నవ్వాను. ఎక్స్ఛేంజి గారు కూడా కాసేపు నవ్వారు.

తరవాత అసలు సంగతి అడిగారు. సౌండతను చెప్పాడు. ఆయన నవ్వడం మానేశారు. ఓహో, అందుకా, ఈ సినిమాలో వచ్చినవాళ్ళందరూ ఎక్కడికి పోతున్నారా అనుకున్నాను అన్నారు. తరవాత నావైపు తిరిగి, మెల్లగా, నన్ను గదిలోంచి బయటికి పంపేశావన్నమాట అన్నారు.

ఆయనే చెప్పారు. ఆయన ఎనిమిదో ఏట వాళ్ళ అమ్మమ్మ ఊరెళ్ళిందని ఇంట్లోవాళ్ళు చెప్పారట. పందొమ్మిదో ఏట ఎవరో నోరు జారితే, ఆవిడ అప్పుడే పోయిందని తెలిసిందట. పదకొండేళ్ళు భోజనాల దగ్గర ఆవిడ కుర్చీ ఖాళీగా ఉంచమని ఇంట్లో అందరితో పోట్లాడాను, అందరూ ఉంచారు కూడా అన్నారు. అంతా నా మీద ప్రేమతోనే చేశారమ్మాయ్, అదే వచ్చిన చిక్కు, ప్రేమను పట్టుకుని ఏమని తిడతాం అన్నారు. చెప్పులు వేసుకుంటూ, నీ సినిమా మాత్రం తిరగరాయి, నేను మళ్ళీ వస్తాను అన్నారు.

తొమ్మిది రోజులు తిరగరాశాను. మొదటిరోజు వేరే కాగితం మీద 'తొడ' అని ఇరవైసార్లు రాసి, చించి, పని మొదలుపెట్టాను. ఒక్కో బొమ్మను ఆపి చూశాను. రెండో రోజు కక్కుకున్నాను. మూడో రోజు నుంచి వేరేలా అయింది. సగం కళ్ళు మూసుకుని చూసినప్పుడు ఎంత భయమేసిందో, పూర్తిగా తెరిచి చూస్తే అంత వెయ్యలేదు. భయం పోయిందని కాదు. ఎంత ఉందో తెలిసింది. కొన్ని వాక్యాలు ఇక్కడ రాస్తున్నాను. వదినా, దయచేసి.

'పళ్ళెంలో ఎడమచేతి చూపుడు వేలు. గోటి మీద ఎర్రరంగు సగం చెరిగిపోయి ఉంది.'

'అతను తొడ కండను కత్తితో కోస్తాడు. కత్తిని చొక్కా అంచుకు తుడుస్తాడు. మళ్ళీ కోస్తాడు.'

'ముక్కను ఊదుతాడు. నోట్లో పెట్టుకుంటాడు. కళ్ళు మూసుకుంటాడు.'

ఆ ఊదడం దగ్గర చాలాసేపు ఆగిపోయాను. పసిపిల్లకు తినిపించే ముందు ఊదినట్టు ఊదుతాడు అన్నయ్యా. కానీ అది నాకు అనిపించింది. కనిపించింది మాత్రం ఊదడమే. 'ఊదుతాడు' అని రాసి వదిలేశాను. నువ్వు గుర్తొచ్చావు. సెలవులకు నేను ఇంటికి వచ్చినప్పుడు హాస్టలువాళ్ళు చూడనివ్వని సినిమాలన్నీ నువ్వే చెప్పేవాడివి. నేను చెవులు మూసుకుంటే చేతులు లాగి మరీ చెప్పేవాడివి. నాకు తెలిసి నువ్వు ఒక్క చావు కూడా దాటెయ్యలేదు.

ఎక్స్ఛేంజి గారు రెండోసారి వచ్చి విన్నారు. నలభయ్యో నిమిషంలో చెయ్యెత్తి ఆపమన్నారు. మంచినీళ్ళు అడిగి తాగారు. హెడ్‌ఫోన్లు మళ్ళీ పెట్టుకుని, ఊఁ, పోనీ అన్నారు. అయ్యాక, ఇప్పుడు వేసింది భయం అన్నారు. పడుకుంటే ఇవే గుర్తొస్తే నీకే ఫోను చేస్తాను, ఎంత దూరమైనా లైను కలపడం నాకు తెలుసు అన్నారు. ఆరోజు నేను ఆఫీసు నుంచి నడుచుకుంటూ ఇంటికి వచ్చాను. బస్సు ఎక్కాలనిపించలేదు, అంత సంతోషంగా ఉంది.

అది రెండు రోజులు కూడా నిలవలేదు. మేనేజరు కొత్తది చదివి తల పట్టుకున్నారు. చూడమ్మా, నువ్వు ఇంత నెమ్మదిగా ఉంటావు, నీ చేతిలోంచి ఇదా వచ్చింది అన్నారు. అదే రోజు సినిమా డైరెక్టరు వచ్చాడు. ఎప్పుడూ టోపీ తియ్యడు, అందుకని మేం టోపీ అంటాం. అతనికి ఇంకో బాధ. మేడమ్, మరీ కూరల జాబితాలా ఉంది, 'పైశాచికంగా' అనండి, 'రాక్షసానందంతో' అనండి అన్నాడు. మేనేజరేమో, ఉన్నదే ఎక్కువైతే ఇంకా పిశాచాలు ఎక్కడివండీ అన్నారు. టోపీ, నా సినిమాను మీరు పప్పుసుద్ద చేస్తున్నారు అన్నాడు. మేనేజరు, వినేవాళ్ళు అసలే చూపులేనివాళ్ళు, వాళ్ళను ఇంకా ఎందుకండీ బాధపెట్టడం అన్నారు. ముప్పావుగంట ఇద్దరూ నా తల మీదుగా మాట్లాడుకున్నారు, నేను బల్లనో బీరువానో అయినట్టు. కనిపించేది రాశానని చెబుదామని మూడుసార్లు నోరు తెరిచాను. మూడుసార్లూ వాళ్ళలో ఒకరు మాట్లాడుతున్నారు. ఒకరి మాట మీద నా మాట వెయ్యడం నాకు రాదు.

ఇద్దరిలో ఒక్కరైనా ఎక్స్ఛేంజి గారు ఏమన్నారని అడగలేదు. అక్కడే నాకు ఒళ్ళు మండింది.

చివరికి మేనేజరే ఎర్ర పెన్నుతో దిద్దారు. పదిహేడు చోట్ల. వేలు పోయింది, తొడ పోయింది, ఊదడం కూడా పోయింది. ఊదడంలో ఏం తప్పుందో నాకు ఇప్పటికీ తెలియదు. పన్నెండో నిమిషంలో, ఆయన గుండ్రటి చేతిరాతలో, మళ్ళీ అదే వాక్యం: 'అతను భోజనం చేస్తాడు.'

ఈరోజు రికార్డింగు. చదివే ఆవిడను గొంతక్క అంటాం. ఇద్దరు పిల్లల తల్లి. ఏది చదివినా జోలపాటలాగే ఉంటుంది. నేను వెళ్ళేసరికి ఎర్రగా దిద్దిన కాగితాలు ఆవిడ ముందున్నాయి. నా బ్యాగులో దిద్దనివి ఉన్నాయి. ఎందుకు పెట్టుకున్నానో నాకే తెలియదు. ఆవిడ రెండు పేజీలు చదివింది. పన్నెండో నిమిషం వచ్చింది. ఆవిడ కమ్మగా, అతను భోజనం చేస్తాడు, అంది. అద్దం ఇవతల నా చెయ్యి దానంతటదే మైకు మీట నొక్కింది. ఆపండి అన్నాను. గొంతు విని సౌండతను వెనక్కి తిరిగాడు, ఇంకెవరో వచ్చారనుకున్నాడు. లోపలికి వెళ్ళి నా కాగితాలు ఆవిడ ముందు పెట్టాను. ఆవిడ చదువుకుంది. తరవాత బల్ల కిందున్న తన భోజనం డబ్బాను కాలితో దూరంగా జరిపింది. ఇది పైవాళ్ళు ఒప్పుకున్నారా అని అడిగింది. లేదన్నాను. మరి గొడవైతే నా పేరు వస్తుందా అంది. నా పేరే చెప్పండి అన్నాను. సరే, నువ్వు ఎదురుగా నించో, నీ మొహం చూస్తూ చదువుతాను, లేకపోతే నాకు గొంతు పెగలదు అంది. సినిమా అంతా అలాగే చదివింది. వేలి దగ్గర ఒకసారి ఆగి, పాపం ఆ రంగు ఎప్పుడు వేసుకుందో అనుకుని, మళ్ళీ మొదటినుంచి చదివింది. జోలపాట గొంతులో అది ఎంత భయంకరంగా ఉందో చెప్పలేను. ఇది నాకు అనిపించింది రాస్తున్నాను. ఉత్తరంలో రాయొచ్చు కదా.

మధ్యాహ్నానికి మేనేజరుకు తెలిసింది. అరవలేదు. కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ, నువ్వు ఇలా చేస్తావనుకోలేదమ్మా, సోమవారం మాట్లాడదాం అన్నారు. గొంతక్కేమో అది మంచి సూచన అంటోంది. సౌండతను, ఈయన ఎవర్ని పంపినా సోమవారమే పంపుతాడు అంటున్నాడు. ఉద్యోగం ఉంటుందో పోతుందో తెలియదు. రికార్డింగు ఉంచుతారో చెరిపేస్తారో అది కూడా తెలియదు. తప్పు చేశానని మాత్రం అనిపించడం లేదు. పోతే ఇంకోచోట ఖాళీలు ఉండకపోవు.

ఇదంతా నీకెందుకు రాస్తున్నానో నీకు అర్థమయ్యే ఉంటుంది. ఆ బ్యాటరీ పేలి నీ చూపు పోయి రెండేళ్ళయింది. ఈ రెండేళ్ళలో మేం నీకు ఎన్ని చెప్పలేదో కూర్చుని గుర్తుతెచ్చుకున్నాను. షాపులో నీ కుర్చీలో ఇప్పుడు కూర్చునేది నీ పాత పార్టనరే. వాళ్ళు బోర్డు మార్చి నాలుగు నెలలైంది. నీ పేరు లేదు. మీ వీధి చివర ఫొటో స్టూడియో ఆయన పోయారు, మేం చెప్పినట్టు బయట ఊళ్ళో కొడుకు దగ్గర లేరు. నీ మొహం మీద మచ్చలు తగ్గాయని చెప్పాం, తగ్గలేదు. కుడివైపు చెవి దాకా ఉన్నాయి. కానీ నవ్వితే ఇదివరకటిలాగే ఉంటావు. ఇది అనిపించింది కాదు, కనిపించింది.

వదినా, నువ్వు ఎందుకు దాటేస్తావో నాకు తెలుసు. అన్నయ్య పగలంతా ఆ మంచం మీద కూర్చుని దేని గురించో ఒకదాని గురించి ఆలోచిస్తూనే ఉంటాడని, నువ్వు ఏది చదివితే అది రోజంతా నముల్తాడని ఒకసారి నాతో అన్నావు. కాబట్టి మెత్తటివి ఏరి పెడుతున్నావు. నీ స్థానంలో నేనుంటే అదే చేసేదాన్నేమో. చేస్తూనే, దాని పేరు ప్రేమ అనుకునేదాన్ని. కానీ అన్నయ్యకు కళ్ళే పోయాయి వదినా. పళ్ళు ఉన్నాయి.

ఈ ఉత్తరం మొదలుపెట్టినప్పుడు కోపం నీ మీద అనుకున్నాను. మూడో కాగితానికి వచ్చేసరికి మేనేజరు మీద అనిపించింది. ఇప్పుడు ఇద్దరి మీదా లేదు. అయినా తగ్గలేదు. ఎవరి మీదో తెలియకపోతే ఇంత పొడుగున రాయను కదా.

వాన పడేలా ఉంది, ఆరేసిన బట్టలు తియ్యాలి. మీ ఇద్దరి ఆరోగ్యం జాగ్రత్త. జవాబు అన్నయ్య చెబుతుంటే వదిన రాయాలి, మధ్యలో ఏమీ దిద్దకుండా. నన్ను తిట్టినా సరే.

ఉంటాను.

మీ ఇంట్లో అందరికంటే తక్కువ మాట్లాడి, అందరికంటే ఎక్కువ రాసే,
మీ 'సైలెన్సు'

తా.క. వదినా, ఇది చదివేముందు నువ్వు కూడా మంచం మీద కూర్చో. అన్నయ్య చెయ్యి పట్టుకో. ఆగకుండా చదివెయ్యి.

అన్నయ్యా, ఎడమ కంటికి ఆపరేషను చేస్తారని, ఆస్పత్రి జాబితాలో నీ వరస రాగానే పిలుస్తారని మీరిద్దరూ ఎదురుచూస్తున్నారు. ఫోను మోగితే చాలు, వదిన చేతిలో పని వదిలేసి పరుగెత్తుతుంది. నిన్ను ఇంటికి పంపిన రోజు వదిన మందులు తేవడానికి కిందికి వెళ్ళింది. డాక్టరు వరండాలో నాతో ఒక్కదానితోనే మాట్లాడారు. వదిన పైకి వచ్చి ఏమన్నారు అని అడిగింది. జాబితాలో పేరు రాసుకున్నారు, పిలుస్తారు అని చెప్పాను. ఇంకో డాక్టరుకు చూపిద్దామని వదిన అన్నప్పుడల్లా, వరస పోతుందని చెప్పి ఆపింది కూడా నేనే. వదినకు ఏమీ తెలియదు. ఈ వాక్యాలు చదువుతూ నీతోపాటే తెలుసుకుంటోంది.

డాక్టరు అన్నది ఇది. ఎడమ కంటి వెనక నరం పూర్తిగా పోయింది. ఆపరేషను వల్ల చూపు రాదు. జాబితా అంటూ ఏదీ లేదు.